రసీదు లేనిదే గడప దాటదు

“ఈ క్షణం మొదలు, ప్రళయం వచ్చే దాకా, రసీదు లేనిదే ఈ సంస్థ నుంచి ఒక్క పియాస్టరు చిల్లర గానీ, ఒక్క చెక్కముక్క గానీ గడప దాటదు!”

దమియెట్టా ఊళ్ళోని కలప సామాన్ల వ్యాపారులందరిలోకీ ఎముక లేని చెయ్యి అని పేరు మోసిన హాజీ తుల్బా బహ్రావీ ఒక శనివారం పొద్దున ఈ శాసనం వెలువరించాడు. వెలువరించే వేళ ఆయన తన షోరూము నడిమధ్యన, బంగారు పూత పూసిన పన్నెండు కుర్చీల దర్బారు సెట్టులో ఒక కుర్చీ మీద ఆసీనుడై ఉన్నాడు. చెక్కడం పనివాళ్ళు ఉలులు చేతపట్టుకుని, పాలిష్ పనివాళ్ళు వార్నీషు చేతులు గాలిలో ఆరబెట్టుకుంటూ, బుద్ధిగా విన్నారు. వాళ్ళెవరికీ అది తగిలే మాట కాదు. తగలాల్సిన మనిషి మూలన నిలబడి ఉంది. చిల్లర పెట్టె కాపలాదారు, మేడమ్ ఇన్సాఫ్.

శాసనాన్ని బంగారు అక్షరాల్లో రాయించి, బీచ్ చెక్క ఫ్రేము కట్టించి, గుమ్మం పైన తగిలించారు. రాసిన పెయింటరు చెయ్యి చాచాడు.

“పెట్టెలోంచి ఇచ్చెయ్ తల్లీ,” అన్నాడు హాజీ.

“రసీదు, హాజీగారూ?”

“ఇది శాసనం పుట్టక ముందు ఖర్చు. పురిటి ఖర్చు కింద రాసుకో!”

సంస్థలో పెద్ద ఖర్చులన్నీ బ్యాంకు చూసుకుంటుంది. చిన్న ఖర్చులన్నీ ఇన్సాఫ్ చూసుకుంటుంది. ఆ పెట్టె హాజీ తండ్రి స్వహస్తాలతో చేసింది, మూత నిండా ముత్యపు చిప్ప పొదిగినది. తాళంచెవి ఇన్సాఫ్ మెడలో గొలుసుకి వేలాడుతుంది. నెల మొదట్లో హాజీ అందులో రెండు వేల పౌండ్లు పెడతాడు. టీకీ, బండి బాడుగకీ, జిగురుకీ, చీపురుకీ, కరెంటు మీటరు చూడ్డానికొచ్చి ఊరికే నిలబడే మనిషికీ అన్నీ అందులోంచే. ఈ చిన్న ఖర్చులతో చిక్కేమిటంటే, అవి పోయేటప్పుడు ఎవరికీ కనబడవు. పోయాక మాత్రం అందరికీ కనబడతాయి.

కిందటి నెల పెట్టె సగం నెలకే అడుగంటింది.

“ఎక్కడికి పోయిందమ్మా ఇంత డబ్బు?” అన్నాడు హాజీ.

“టీకండి.”

“టీకా! నా పనివాళ్ళు టీ తాగుతున్నారా, టీలో స్నానాలు చేస్తున్నారా?”

ఇన్సాఫ్ నోరు విప్పితే చెప్పాల్సింది ఇదీ. దమియెట్టా వాళ్ళు పిసినారులని దేశమంతా ఎగతాళి. ఇంటికొచ్చిన చుట్టాన్ని, “రాత్రికి భోంచేస్తారా, తేలిగ్గా పడుకుంటారా?” అని అడుగుతారట! ఆ మచ్చని ఒంటి చేత్తో తుడిచేయాలని హాజీ తుల్బా కంకణం కట్టుకున్నాడు. అందుకని శుక్రవారం నమాజు కాగానే ఎదురుగా ఉన్న షహాతా టీకొట్లో కూర్చుని, “ఈ పూట అందరి టీ నా ఖాతాలో!” అని కేకవేస్తాడు. కొట్టంతా దీవెనలతో దద్దరిల్లిపోతుంది. మర్నాడు పొద్దున హాజీ ఇన్సాఫ్ చెవి దగ్గర వంగి, “ఆఫీసు టీ కింద రాసి ఇచ్చెయ్,” అంటాడు. కేక ఊరంతటికీ, గుసగుస ఇన్సాఫ్‌కీ. అంచేత స్నానం చేస్తున్నది ఎవరో ఇన్సాఫ్‌కి బాగా తెలుసు. కానీ అది నోటితో అనే మాట కాదు.

శాసనానికి ఒక తోక కూడా ఉంది. రసీదు చూపించలేని ప్రతి పౌండూ ఇన్సాఫ్ జీతంలో కోత!

ఇన్సాఫ్ వాళ్ళ వీధిలో ఆడవాళ్ళంతా కలిసి ఒక చీటీ కట్టుకుంటున్నారు. వచ్చే నెల ఇన్సాఫ్ వంతు. ఆ డబ్బుతో ఫ్రిజ్జు కొనాలని ఆమె ఆశ. ఇంట్లో ఉన్న ఫ్రిజ్జు ఈ మధ్య పాలని చల్లబరచడం మానేసి పెరుగు తోడెయ్యడం నేర్చుకుంది. ఒక్క నెల వాయిదా తప్పినా వంతు వెనక్కి పోతుంది. వంతు పోయినా పోనీ, వీధిలో తలెత్తుకు తిరగగలదా?

ఆ సాయంత్రమే టీకొట్టుకి వెళ్ళింది.

“షహాతా బాబాయ్, ఇవాళ్టి నుంచి టీ డబ్బులకి ఒక చిన్న కాగితం రాసివ్వాలి.”

షహాతా చేతిలో కెటిల్ ఆగిపోయింది. “కాగితమా? మన మధ్యన కాగితమేంటి అమ్మాయ్? నేనేమన్నా నీకు పొలం అమ్మానా?”

“రసీదు బాబాయ్. ఇన్ని టీలు, ఇంత డబ్బు, కింద నీ సంతకం. అంతే.”

“అంతేనంట! ఆ కాగితం గాలికెగిరి పన్నులాఫీసులో పడిందనుకో? రేప్పొద్దున్నే ఒకడొచ్చి కూచుంటాడు. నా టీయే తాగి నా లెక్కే అడుగుతాడు. నాకేం ఖర్మ?”

బండివాడు గల్హూమ్ దగ్గరికి పోతే అతను ఇంకా సూటి మనిషి. “మేడమ్, నేను బీరువా కావాలంటే మోస్తా, మంచం కావాలంటే మోస్తా. కలం మాత్రం మొయ్యను,” అన్నాడు.

ఆ మాటకొస్తే వాళ్ళని అని ఏం లాభం? హాజీగారు మాత్రం ఎవరికి రసీదు రాసిచ్చాడు గనక! పడకగది సెట్టు కొన్నవాడు బిల్లు అడిగితే గుండె మీద చెయ్యేసుకుని, “మన మధ్య రసీదా? నా మీద నమ్మకం లేదా?” అని కంట తడి పెట్టినంత పనిచేస్తాడు. ఇంకా మొండికేస్తే, “బిల్లు కావాలంటే పన్ను పడుతుంది మరి,” అంటాడు. నమ్మకం అప్పటికప్పుడు కుదురుతుంది.

మొదటి వారం కోత పడింది. ఇన్సాఫ్ తన సంచిలోంచి చీటీ కోసం దాచిన నోట్లు తీసి పెట్టెలో వేసి లెక్క సర్దింది.

రెండో వారం మొదటి రోజు ఆ వింత జరిగింది. పనిగట్టుకుని చేసింది కాదు. రోజూలాగే సాయంత్రం టీ డబ్బులు ఇవ్వబోయింది. రోజూలాగే షహాతా తల పక్కకి తిప్పి, “ఉండనివ్వు అమ్మాయ్, మా ఖాతాలో పోనీ,” అన్నాడు.

ఇది మర్యాద. టాక్సీవాడూ అంటాడు, చేపలవాడూ అంటాడు, క్షవరం చేసేవాడూ అంటాడు. అన్నందుకు ఎదుటివాళ్ళు, “అల్లా మీద ఒట్టు, తీసుకోవాల్సిందే,” అనాలి. వాడు మళ్ళీ వద్దనాలి. వీళ్ళు మళ్ళీ ఒట్టెయ్యాలి. మూడో విడతకి డబ్బు చేతులు మారుతుంది, ఇద్దరి పరువూ నిలబడుతుంది. పుట్టి బుద్ధెరిగిన దగ్గర్నుంచీ ఇన్సాఫ్ ఒక్కసారి కూడా ఈ పాఠం తప్పలేదు.

ఆ రోజు ఎందుకో ఒట్టు గొంతులోనే ఆగిపోయింది. చేతిలో నోటు చూసింది. ఫ్రిజ్జు గుర్తొచ్చింది. నోటు మడిచింది. పర్సులో పెట్టుకుంది.

“అల్లా నీకు మేలు చేస్తాడు బాబాయ్,” అని వెనుదిరిగింది.

సగం చాచిన షహాతా చెయ్యి అలాగే గాలిలో ఉండిపోయింది. పిలవాలంటే ఏమని పిలుస్తాడు? కొట్టు నిండా జనం. ‘నేనన్నది ఉత్తి మాట, డబ్బులు పారేసి పో’ అంటే ఊరి పేరు తాను నిలబెట్టినవాడవుతాడు!

మర్నాడు బండి బాడుగ ఇవ్వబోతే గల్హూమ్ కూడా, “ఉంచండి మేడమ్, మీది కాదా బండి,” అన్నాడు. మేడమ్ ఉంచింది.

వారం తిరిగేసరికి హాజీ పెట్టె మూత తీసి చూసి గుడ్లు తేలేశాడు. నోట్లు పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయి.

“ఖర్చేదీ?”

“లేదండి.”

“రసీదులేవీ?”

“ఖర్చు లేదు కదండి.”

“చూశారా! చూశారా!” హాజీ షోరూమంతా గంతులేశాడు. “శాసనం అంటే ఇదీ! క్రమశిక్షణ అంటే ఇదీ! దుబారా దానంతటదే చచ్చి ఊరుకుంది!”

“మరి మొన్న నాకు కోసిన జీతం, హాజీగారూ...”

“కోసింది కోసిందే తల్లీ. గతాన్ని తవ్వుకుంటే సంస్థలు ముందుకి పోవు.”

ఆ ఊపులో ఆ శుక్రవారం హాజీ టీకొట్లో ఒక మెట్టు పైకెక్కాడు. “అందరి టీ మాత్రమే కాదు, అందరి హుక్కా కూడా నా ఖాతాలో!” మర్నాడు ఇన్సాఫ్ డబ్బు ఇవ్వబోయింది. షహాతా లోపల్లోపల నాలుకని పళ్ళతో పట్టి ఉంచాడు. కానీ ముప్ఫై ఏళ్ళ అలవాటు! “ఉండని...” దాకా వచ్చేసింది. ఇన్సాఫ్ అక్కడికే వినేసింది.

రెండు గంటల తర్వాత షహాతాయే సందులోకి వచ్చి ఆమెని పక్కకి పిలిచాడు. ముఖం ఉడికిన వంకాయలా ఉంది.

“అమ్మాయ్, నన్ను నిలువునా ముంచుతున్నావు.”

“నువ్వే కదా బాబాయ్ ఉండనివ్వమన్నది?”

“నోరు అంటది! నోరు అన్నదల్లా చెవి వినాలా? గొప్ప చెప్పుకునేది ఆయన, హుక్కా పీల్చేది ఊళ్ళోవాళ్ళు, డబ్బు కట్టేది నేనూనా?”

“రసీదు రాసివ్వు. ఇప్పుడే, ఇక్కడే ఇచ్చేస్తా.”

“రసీదు మాటెత్తకు, పన్నులోళ్ళు...”

“అది లేకపోతే నా జీతం కోస్తారు బాబాయ్. నా చీటీ పోతుంది.”

ఇన్సాఫ్ కొంగు లాంటి తలగుడ్డ సర్దుకుని, గోడకి చెబుతున్నట్టు మెల్లిగా అంది. “నీ మాట నేను నమ్మాను. అందరూ అందరి మాటా నమ్మితే గొడవే లేదు. ఆదివారం కైరో నుంచి హోటలు తరఫున రఊఫ్ బే వస్తున్నాడు, దర్బారు సెట్టు చూడ్డానికి. పెద్దమనుషుల ముందు ఎవరేది మెచ్చుకున్నా మా హాజీగారు ఏమంటారో నీకు తెలుసుగా?”

షహాతా కళ్ళు చిట్లించాడు. ఆ తర్వాత ముఖం నెమ్మదిగా విచ్చుకుంది.

“గల్హూమ్ బండి ఖాళీగా ఉందో లేదో కనుక్కుంటా,” అన్నాడు.

ఆదివారం రఊఫ్ బే వచ్చాడు. సన్నటి మీసం, నున్నటి బూట్లు, ముక్కుతో నవ్వే మనిషి. హాజీ ఆయన్ని దర్బారు కుర్చీలో కూర్చోబెట్టి, పాకం కారుతున్న ముషబ్బక్ పళ్ళెం ముందుపెట్టాడు. జిలేబీకి అన్నగారిలా ఉంటుందది.

“నిజం చెప్పొద్దూ హాజీగారూ,” అన్నాడు రఊఫ్ బే వేళ్ళు తుడుచుకుంటూ, “దమియెట్టా అనగానే మావాళ్ళు ఇంటి దగ్గరే తినేసి వెళ్ళమన్నారు.”

హాజీకి పౌరుషం తన్నుకొచ్చింది. “ఆ కూతలు కూసేవాళ్ళని నా దగ్గరికి పంపండి! ఇక్కడ నాది అనే మాటే లేదు. ఏది చూస్తే అది మీది!”

సరిగ్గా అప్పుడే షహాతా టీ పళ్ళెంతో లోపలికొచ్చాడు. గ్లాసులు దించాడు. దించి, ఆ సెట్టులోనే ఒక ఖాళీ కుర్చీ ముందు నిలబడిపోయాడు.

“మాషా అల్లా! ఏం కుర్చీ హాజీగారూ, ఏం కుర్చీ! కళ్ళు చెదిరిపోతున్నాయ్!”

“నచ్చిందా? నీదే, తీసుకుపో!” అన్నాడు హాజీ, రఊఫ్ బే వైపు ఓరగా చూస్తూ.

అక్కడ షహాతా, ‘అయ్యో, మీ దగ్గరుంటేనే అందం’ అనాలి. అనలేదు. “అల్లా మీ ఇల్లు చల్లగా చూస్తాడు,” అన్నాడు. ఖాళీ పళ్ళెం చంకన పెట్టాడు. కుర్చీ ఎత్తి నెత్తి మీద పెట్టుకున్నాడు. గడప దాటాడు.

హాజీ నవ్వు ముఖం మీద అలాగే అతుక్కుపోయింది, జిగురు ఎక్కువైన బొమ్మలా. రఊఫ్ బే టీ గ్లాసు దించేసి, “అబ్బో!” అన్నాడు.

ఈలోగా కుర్చీ బండిలోకి చేర్చడానికి వచ్చిన గల్హూమ్ గుమ్మంలోంచి తొంగిచూశాడు. “ఆ నిలువుటద్దం! మా ఆవిడ చూస్తే పడిపోద్ది బాబోయ్!”

రఊఫ్ బే హాజీ ముఖంలోకి ఆసక్తిగా చూశాడు.

“తీసుకో... నాయనా,” అంది హాజీ నోరు. మిగతా హాజీ అంతా వద్దంది.

అద్దం వెళ్ళిపోయింది. వెళ్తూ వెళ్తూ అందులో హాజీ ముఖం ఒకసారి మెరిసింది. అప్పుడు మూల నుంచి ఇన్సాఫ్ గొంతు వినపడింది, మెత్తగా, ముచ్చటగా.

“హాజీగారూ, మీ నాన్నగారు చేసిన ఈ చిల్లర పెట్టె ఎంత అందంగా ఉందండీ!”

“అందమే తల్లీ... నీ దగ్గరే ఉంటోందిగా...” రఊఫ్ బే కదలకుండా చూస్తున్నాడు. “...నీదే,” అన్నాడు హాజీ, నూతిలోంచి మాట్లాడుతున్నట్టు.

“అల్లా మీద ఒట్టు, వద్దండి! మీ దగ్గరుంటేనే దానికి అందం. నాకు కోసిన జీతం నాకిస్తే చాలు.”

“కోసిన జీతమా?” అన్నాడు రఊఫ్ బే.

“లెక్కల్లో... చిన్న పొరపాటు! ఇప్పుడే తీసుకో తల్లీ, ఇప్పుడే!”

ఇన్సాఫ్ అప్పటికే తాళం తీసింది. తన డబ్బు, ఒక్క నోటు ఎక్కువా లేకుండా తక్కువా లేకుండా, తీసుకుని మూత వేసింది. ఫ్రిజ్జు చల్లటి గాలి ముఖానికి తగిలినట్టయింది.

రఊఫ్ బే లేచాడు. నెమ్మదిగా నడిచి, ఇరవై మంది కూర్చోదగ్గ వాల్‌నట్ చెక్క భోజనాల బల్ల మీద అరచెయ్యి ఆనించాడు. “అద్భుతం హాజీగారూ! ఇంత అందమైన బల్ల నా జన్మలో చూడలేదు.”

షోరూములో ఉలుల చప్పుడు ఆగిపోయింది. పాలిష్ వాళ్ళు చేతులాపేశారు. అందరి చూపూ హాజీ పెదాల మీదే. ఆ పెదాలు ఒకసారి తెరుచుకున్నాయి. మూసుకున్నాయి. మళ్ళీ తెరుచుకున్నాయి.

“అవునండి,” అన్నాడు చివరికి. “దాని ధర కూడా అంత అద్భుతంగానే ఉంటుంది.”

రఊఫ్ బే కళ్ళల్లో నీళ్ళొచ్చేదాకా నవ్వాడు. “అయితే చెప్పండి! నన్ను రాత్రికి భోంచేయమంటారా, తేలిగ్గా పడుకోమంటారా?”

నవ్వు ఆపి పనిలో పడ్డాడు. దర్బారు సెట్టు కావాలన్నాడు, పన్నెండు కుర్చీలూ కావాలన్నాడు, గురువారం లారీ ఎక్కాలన్నాడు. పక్కా బిల్లు కూడా కావాలన్నాడు.

“మన మధ్య రసీదా?” హాజీ చెయ్యి అలవాటు కొద్దీ గుండె మీదికి వెళ్ళింది. “నా మీద నమ్మకం...”

రఊఫ్ బే గుమ్మం పైకి వేలు చూపించాడు. బంగారు అక్షరాలు ధగధగా మెరుస్తున్నాయి.

ఆయన కారు సందు మలుపు తిరిగీ తిరగకముందే హాజీ ఇన్సాఫ్ మీద పడ్డాడు. “పదకొండే ఉన్నాయి! ఆ చెక్కడం పనికి నెల పడుతుంది! పరుగెత్తు. ఇవ్వాల్సింది ఇచ్చెయ్, పైన ఇంకొంత పడెయ్, ఆ కుర్చీ పట్టుకురా!”

“రసీదు లేకుండానా, హాజీగారూ?”

“రసీదుని నూనెలో వేయించుకు తిను!”

ఇన్సాఫ్ టీకొట్టు చేరేసరికి షహాతా కొట్టు ముందు దర్బారు కుర్చీలో కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు. చేతిలో హుక్కా గొట్టం, ముఖంలో రాచఠీవి. వీధిలో పోయేవాళ్ళంతా ఆగి సలాం చేస్తున్నారు. ఆమె బాకీ డబ్బంతా ఇవ్వబోయింది.

“ఉండనివ్వు అమ్మాయ్,” అన్నాడు షహాతా.

“అల్లా మీద ఒట్టు, తీసుకోవాల్సిందే.”

“మీది కాదా కొట్టు?”

“నా తల మీద ఒట్టు బాబాయ్!”

“అబ్బే, బాగోదు,” అంటూండగానే అతని వేళ్ళు నోట్లు మడిచి జేబులో పెట్టేసుకున్నాయి. ఇద్దరికీ ప్రాణం కుదుటపడింది. లోకం మళ్ళీ గాడిలో పడ్డట్టు అనిపించింది.

ఇన్సాఫ్ గొంతు సవరించుకుంది. “హాజీగారు చెప్పమన్నారు. ఆ కుర్చీ వెనక కాలు కాస్త వదులుగా ఉందట. తీసుకురమ్మన్నారు, బిగించి పంపిస్తారట.”

షహాతా కుర్చీలో ఇటూ అటూ ఊగి చూశాడు. అది రాయిలా ఉంది.

“ఎందుకమ్మా ఆయనకి శ్రమ! ఉండనివ్వమను. ఆ కాలు మేమే బిగించుకుంటాం. ఆ ఖర్చు మా ఖాతాలో!” అని, చెవి వెనక నుంచి పెన్సిలు తీశాడు. “అన్నట్టు, మీ దగ్గర రసీదు లేనిదే ఏదీ గడప దాటదంటగా? పాపం, పెద్దాయన శాసనం మనవల్ల చెడకూడదు.”

పన్నులాఫీసుకి భయపడి ముప్ఫై ఏళ్ళుగా ఒక్క అక్షరం రాయని షహాతా, టీ పొట్లం కాగితం చింపి, దాన్ని కుర్చీ చేతి మీద పెట్టుకుని, నాలుక బయటపెట్టి, గుండ్రంగా రాసిచ్చాడు.

ఇన్సాఫ్ దాన్ని తెచ్చి చిల్లర పెట్టెలో పెట్టి, పెట్టె హాజీ ముందు పెట్టింది. శాసనం పుట్టాక ఆ పెట్టెలోకి వచ్చిన మొట్టమొదటి రసీదు అదే. హాజీ కళ్ళద్దాలు పెట్టుకుని చదివాడు.

“హాజీ తుల్బా గారి దగ్గర్నుంచి బంగారు పూత కుర్చీ ఒకటి, ఆయన నోటి మాట ప్రకారం, అడక్కుండానే, సంతోషంగా ముట్టింది. ఇట్లు, షహాతా.”

కింద సంతకం కూడా ఉంది.